ఇరవై రెండు పేర్లకు ఒకే నెత్తురు

అతను చనిపోయిన వార్త నాకు మూడు రోజులు ఆలస్యంగా అందింది. ఆదివారం పొద్దున గుండె ఆగిందట. బుధవారం ఉదయం పది గంటల ఐదు నిమిషాలకు నర్సవ్వ ఫోన్ చేసింది. ఉట్నూర్ అడవి వైపు నా మొదటి ఉద్యోగం వచ్చిన ఆరోగ్య కేంద్రంలో ఆమె ఆయా. ఇప్పుడు డెబ్బై దాటిన మనిషి. కరీంనగర్‌లో నేను పనిచేసే ల్యాబులో ఆ సమయానికి నా ముందు పదమూడు రక్తనమూనాలు ఉన్నాయి.

“బిడ్డా, మన బోథ్ పటేల్ పోయిండు,” అన్నది.

“ఏ పటేల్?” అన్నాను. తెలిసే అడిగాను.

“ఎంతమంది పటేండ్లున్నరే నీకు?” అని, నా జవాబు కోసం ఆగకుండా ఫోన్ పెట్టేసింది.

పదమూడు నమూనాలూ పూర్తి చేశాను. ఒక్కదాన్నీ రెండోసారి చూడవలసిన పని లేదు. అయినా పదమూడింటినీ రెండోసారి చూశాను. ఇది నా ఇరవై ఆరేళ్ల అలవాటు. తోటివాళ్లు దీన్ని శ్రద్ధ అనుకుంటారు. శ్రద్ధ కాదు, అతను నాకు అంటించిపోయిన జబ్బు.

పద్నాలుగో ఏట నుంచి నేను డైరీ రాస్తున్నాను. భావాలు రాయను. ఏ తేదీన ఎవరు వచ్చారు, ఎంతసేపున్నారు, ఏమన్నారు, అంతవరకే. మా బాపు మిషన్ ఆసుపత్రిలో కంపౌండరు. చీటీ అతికించని సీసాను ఆయన చేత్తో ముట్టుకునేవాడు కాదు. ఆ ఇంట్లో పెరిగినదాన్ని. బుధవారం సాయంత్రం ఇంటికి వచ్చి, అతనికి సంబంధించిన రెండు సంవత్సరాల ఐదు నెలల డైరీలు అటక మీద నుంచి దించాను. అతని పేరు వాటిలో ఎక్కడా లేదు. కలిసిన తేదీ పక్కన ఒక పెన్సిల్ చుక్క మాత్రం ఉంటుంది. లెక్కపెట్టాను. నూట డెబ్బై నాలుగు చుక్కలు. ఇక్కడ కూడా ఆ పేరు రాయను. ఆనాడు భయంతో రాయలేదు. ఈనాడు రాయకపోవడానికి కారణం, అతని ఇంటివాళ్లు ఇంకా అదే ఊళ్లో ఉన్నారు.

అతను ఆరోగ్య కార్యకర్త. పదిహేను రోజులకొకసారి తన వంతు గూడేలన్నీ తిరగాలి. జ్వరమున్న వాళ్ల వేలు గుచ్చి గాజు స్లైడు మీద నెత్తుటి చుక్క తీయాలి, మలేరియా గోలీలు అక్కడికక్కడే మింగించాలి, స్లైడ్లు తెచ్చి ల్యాబులో నాకివ్వాలి. నేను వాటికి రంగు వేసి, మైక్రోస్కోపులో చూసి, మలేరియా ఉందో లేదో రిజిస్టరులో రాయాలి. ఉందని రాసిన మనిషికి అతను మళ్లీ వెళ్లి పూర్తి మందు ఇవ్వాలి. మా పరిచయం ఈ పనితో మొదలైంది, ఈ పనితోనే చెడింది.

స్లైడ్లను అతను పాత మరాఠీ పేపరులో చుట్టి, పత్తి బస్తాలు కుట్టే దారంతో కట్టి తెచ్చేవాడు. పొట్లాన్ని నా బల్ల మీద పెడుతూ, “తీసుకోన్రి మేడం, పేడాలు,” అనేవాడు, మిఠాయి పొట్లం ఇస్తున్నట్టు. మూడోసారికి ఆ మాట పాతబడిందని చెప్పాను. నాలుగోసారీ అన్నాడు. నవ్వాను. తన హాస్యానికి ముందు తనే నవ్వేవాడు. ఎదుటివాళ్లు మాటకు కాక ఆ నవ్వుకు నవ్వేవారు. చేతికి గడియారం పెట్టేవాడు కాదు. వచ్చిన ప్రతిసారీ “టైమెంతైంది?” అని అడిగేవాడు, ఎంత చెప్పినా “ఇంక మస్తున్నది” అనేవాడు. ఆఖరి జీపు నాలుగున్నరకైతే, నాలుగుంబావుకు కూడా అదే మాట. దేనికైనా ఒప్పుకోవలసి వస్తే “బరోబర్” అనేవాడు. బరోబర్ అన్న పని అతను చేయడని అర్థం కావడానికి నాకు ఏడాది పట్టింది. ఏదైనా వాయిదా వేసేటప్పుడు చెవి తమ్మెను రెండు వేళ్లతో కిందికి లాగేవాడు. ఎడమచేతి వాటం మనిషి కాబట్టి అతను తీసిన నెత్తుటి పూత స్లైడు మీద అందరిదానికీ ఎదురు దిక్కున సాగేది. నంబరు చూడకుండానే అతని స్లైడ్లను గుర్తుపట్టేదాన్ని. ఇరవై నాలుగేళ్ల వయసులో ఆ గుర్తింపును ఒక బంధం అనుకున్నాను.

అతన్ని ఇష్టపడిన రోజు ఏదో నాకు తెలుసు. ఉద్యోగంలో చేరిన ఐదో నెల, ఒక మంగళవారం. గూడెంలో స్లైడ్లు ఎలా తీస్తారో చూడాలని జీపులో అతనితో వెళ్లాను. వాగు దగ్గర జీపు ఆగింది. ప్యాంటు మోకాళ్లదాకా మడిచి, చెప్పులు చేత్తో పట్టుకుని ముందు నడిచాడు. అవతల ముప్పై ఒక్క ఇళ్లు. పిల్లలు సూది చూసి పారిపోతారనుకున్నాను. అతన్ని చూసి ఎదురొచ్చారు. నాలుగేళ్లు దాటిన ఒక పిల్లను ముందు కూర్చోబెట్టుకుని, ఎంతో ముఖ్యమైన సంగతి విచారిస్తున్నట్టు అడిగాడు.

“సోంబాయీ, మీ కోడి పేరేంది?”

పిల్ల కనుబొమలు ముడిచి ఆలోచనలో పడింది. ఆ ఆలోచనలో ఉండగానే సూది పని ముగిసింది.

“కోడికి పేరేంది? కోడే,” అన్నది పిల్ల. అప్పటికి చుక్క స్లైడు మీదికి వచ్చేసింది.

“బరోబర్,” అన్నాడు అతను.

తిరుగుప్రయాణంలో వాగు ఒడ్డున కూర్చుని జొన్నరొట్టె, పచ్చిమిరపకాయలు దంచిన ఠేచా తిన్నాం. కళ్లలో నీళ్లు వచ్చాయి. “కారమా, నేనా?” అన్నాడు. కారమే అన్నాను. డైరీలో ‘మంగళవారం, గూడెం, 14 స్లైడ్లు, కారం’ అని ఉంది. పక్కన మొదటి చుక్క.

మాది కరీంనగర్‌లో మెథడిస్టు సంఘం. అతనిది బోథ్‌లో భూమి ఉన్న హిందూ కుటుంబం. పత్తి, జొన్న, ఎడ్లు, పాడి. ఈ రెండింటి నడుమ దూరం ఎంతో ఇద్దరికీ తెలుసు. ఒక ఆదివారం ఉట్నూర్‌లో మా పదిమంది కూడుకునే ప్రార్థనకు వచ్చి చివరి చాప మీద కూర్చున్నాడు. పాట అయ్యేదాకా చేతులు జోడించే ఉన్నాడు. బయటికి వచ్చి, “మీ దేవునితోని నాకేం పంచాది లేదు. మా బాపుతోనే,” అన్నాడు.

ఆ పంచాది ఎన్నడూ మొదలే కాలేదు. వాయిదాలు నా డైరీలో ఉన్నాయి. పత్తి ఏరినంక. జొన్న కోసినంక. చెల్లె పెండ్లయినంక. బాపు కంటి ఆపరేషనైనంక. మళ్లీ పత్తి ఏరినంక. మొత్తం ఏడుసార్లు తేదీ చెప్పాడు, ఏడుసార్లు చెవి తమ్మె లాగాడు. నేను గట్టిగా అడిగితే మాత్రం ఒకటే మాట: “నేనున్న గద.” దాని తర్వాత అడగడానికి ఏమీ మిగిలేది కాదు. అంత పొట్టి మాట అంత పెద్ద తలుపును మూయగలదని అప్పటికి నాకు తెలియదు. ఇప్పుడు మా ఇంట్లో ఆ మాట ఎవరూ అనరు. నా భర్త ఒకసారి, పాప పుట్టేటప్పుడు, నా చేయి పట్టుకుని ప్రేమతో ‘నేనున్న గద’ అంటే, నొప్పుల మధ్యనే ఆయన చేతిని విసిరికొట్టాను. ఎందుకో ఆయనకు ఈనాటికీ తెలియదు.

ఇక ఆ గురువారం.

భాద్రపదం. రెండు రోజులుగా ముసురు. ఆ రోజు అతని వంతు సోంబాయి వాళ్ల గూడెం. నాకు ఒంట్లో బాగాలేదని సెలవు పెట్టి, అద్దె గదిలోనే ఉన్నాను. ఉదయం పది గంటలకు తలుపు కొట్టాడు. ఒళ్లంతా తడిసి ఉంది. చేతిలో నాలుగు మక్కకంకులు, భుజాన స్లైడ్ల సంచి.

“గూడెంకు పోలేదా?” అన్నాను.

“వాగు నిండింది.”

“చూసినవా?”

“చూసుడెందుకు? వాన చూస్తలేవా?” అని నవ్వి, “టైమెంతైంది?” అన్నాడు.

“పది.”

“ఇంక మస్తున్నది.”

వెళ్లమని రెండుసార్లు చెప్పాను. రెండుసార్లు అని డైరీలో రాసుకున్నాను, ఏదో ఒకనాడు ఆ సంఖ్య నాకు సాక్ష్యం చెబుతుందన్నట్టు. మూడోసారి చెప్పలేదు. కంకులు కాల్చుకున్నాం. ఆ సాయంత్రమే బోథ్ వెళ్లి బాపుతో మాట్లాడతానని తనంత తానే అన్నాడు. ఆ ఒక్కసారి చెవి ముట్టుకోలేదు. పెళ్లి రిజిస్ట్రారు దగ్గరా, చర్చిలోనా అని వాదించుకున్నాం. నేను చర్చిలో అన్నాను. “మీ పాస్టరు నన్ను ముంచుతడా నీళ్లల్ల?” అన్నాడు. మా సంఘంలో బాప్తిస్మానికి ముంచరు, నీళ్లు చిలకరిస్తారు అని చెప్పాను. “గంతేనా? గట్లయితే సాల్లేదు, నాకు మస్తు పాపాలున్నయ్,” అన్నాడు. నవ్వు ఆపుకోలేక పొట్ట పట్టుకున్నాను. మధ్యాహ్నం చాప మీద నిద్రపోయాడు. కిటికీ దగ్గర కూర్చుని అతని నిద్రను చూశాను. సాయంత్రం నాలుగున్నరకు జీపు హారన్ వినిపిస్తే లేచి వెళ్లాడు. ఆనాటి డైరీలో ఆరు పంక్తులున్నాయి. చివరి పంక్తిలో ఒకే ఒక్క మాట: సంతోషం. నా నలభై సంవత్సరాలకు దగ్గరపడుతున్న డైరీల్లో ఆ మాట ఇంకెక్కడా లేదు.

శుక్రవారం పదకొండు గంటలకు అతను ల్యాబుకు వచ్చాడు. మరాఠీ పేపరు పొట్లం. “పేడాలు,” అన్నాడు. ఇరవై రెండు స్లైడ్లు. తేదీ నిన్నటిది. గూడెం పేరు ఆ గూడెమే.

రంగు వేశాను, ఆరబెట్టాను, మొదటిది మైక్రోస్కోపు కింద పెట్టాను. ఆ గూడెపు మనుషుల నెత్తురు నాకు రెండేళ్లుగా తెలుసు. ఎర్రకణాలు నడుమ వెలిసిపోయి, ఉతికి ఉతికి పలచబడిన బట్టలా ఉంటాయి. ఈ స్లైడులో కణాలు నిండుగా ఉన్నాయి. పాలు పెరుగు తిని పెరిగిన నెత్తురు. రెండోది అదే. మూడోది అదే. అంతకుముందు చలికాలం అతనికి జ్వరం వస్తే నేనే పరీక్ష చేశాను; తెల్లకణాల్లో ఒక రకం, ఎర్రటి గింజలు నిండినవి, నూటికి మూడు నాలుగు ఉండవలసినవి అతనికి పన్నెండు ఉన్నాయి. ఆ అంకె డైరీలో రాసుకున్నాను. ఇప్పుడు ప్రతి స్లైడులో లెక్కపెట్టాను. పన్నెండు. పదకొండు. పన్నెండు. పదిహేడో నంబరు: సోంబాయి, ఆరేళ్లు. చిన్నపిల్లల నెత్తురులో తెల్లకణాల పొందికే వేరు, ఎవరూ పొరబడలేరు. అందులో ఉన్నది ముప్పై ఏళ్లకు దగ్గరపడుతున్న మగవాడి నెత్తురు.

నెలకు ఇన్ని స్లైడ్లు తేవాలని పైవాళ్ల లెక్క ఒకటి ఉండేది. తగ్గితే మాట పడాలి. ఒకే మనిషి వేలు గుచ్చి నలుగురి పేర్లు రాసేవాళ్లున్నారని విన్నాను. అతను ఆ పని చేస్తాడనుకోలేదు.

“నీ చెయ్యి చూపెట్టు,” అన్నాను.

“ఎందుకు?”

“కుడి చెయ్యి.”

చూపాడు. నాలుగు వేళ్ల కొసల్లోనూ సూది మచ్చలు.

“ఆరేండ్ల పిల్లకు నీ నెత్తురు ఎట్లొచ్చింది?”

నవ్వాడు. ఆ నవ్వుకు నేను నవ్వలేదు. అప్పుడు చెవి తమ్మె లాగి అన్నాడు: “నువ్వు పోలీసోల్ల లెక్క చూస్తవ్ ఒక్కోపారి. జర సబర్ చెయ్యి. నెగటివ్ అని రాయి. వాన వెలిసినంక పోయి అందరియి తీసుకొస్త. ఎవ్వలకు ఎరుక?”

“గూడెంల జ్వరాలుంటే?”

“నేనున్న గద.”

రిజిస్టరు తీసి ఇరవై రెండు పేర్ల ఎదుట ‘నెగటివ్’ అని రాశాను. నా చేతిరాత గుండ్రంగా ఉంటుంది. ఆ పేజీలోనూ గుండ్రంగానే ఉంది. రాస్తున్నప్పుడు నాకు నేను చెప్పుకున్న మాట కూడా గుర్తుంది: ఈ గాజు మీద మలేరియా లేదు, కాబట్టి నేను రాసింది అబద్ధం కాదు. మరునాడు శనివారం. చూడడం అయిపోయిన స్లైడ్లను మళ్లీ వాడేందుకు కడిగే రోజు. కడగడం నర్సవ్వ పని. ఆ ఇరవై రెండింటినీ నేనే కడిగాను.

“నీకెందుకే గీ పని?” అన్నది ఆమె.

“ఊకెనే,” అన్నాను.

వాన నిజంగానే ముదిరింది, వాగు నిజంగానే నిండింది. అతను వెళ్లలేదు. నేను అడిగాను, ఎన్నిసార్లో రాసి లేదు. పదకొండు రోజులు. పన్నెండో నాటి ఉదయం సోంబాయిని వాళ్ల నాయన భుజాన వేసుకుని వాగు దాటి, జీపులో తెచ్చాడు. జ్వరం మెదడుకెక్కింది. పిల్ల ఎవరినీ చూడడం లేదు. నేను వేలు గుచ్చాను. నా చేతిలో ఉన్న స్లైడుకు రంగు పట్టేలోపు పిల్ల పోయింది. అయినా చూశాను. నిండా మలేరియా. వాళ్ల నాయన గోడకానుకుని కూర్చుని, “సారు రాలే. ఈపారి గూడెంకు రాలే,” అని రెండుసార్లు అన్నాడు. ఆ మాట విన్నది నేనొక్కదాన్నే.

నాలుగో రోజు జిల్లా నుంచి పెద్ద డాక్టరు విచారణకు వచ్చాడు. నా బల్ల మీదే రిజిస్టరు విప్పుకుని కూర్చున్నాడు. ముందు అతన్ని పిలిచాడు.

“గురువారం గూడెంకు పోయినవా?”

“పోయిన సార్.”

“ఈ పిల్ల నెత్తురు తీసినవా?”

“తీసిన సార్. ఇరవై ఇద్దరివి తీసిన. తీసుడు నా పని, చదువుడు మేడం పని.”

నా వైపు చూడలేదు. చెవి ముట్టుకోలేదు. అంటే అది వాయిదా కాదు, నిర్ణయం.

డాక్టరు నా వైపు తిరిగాడు. “నెగటివ్ అని రాసింది నువ్వేనా అమ్మా?”

“నేనే సార్.”

“స్లైడ్లు ఏవి?”

“కడిగినం సార్.”

ఆయన నా కళ్ళద్దాల వైపు చూశాడు. చిన్న వయసు, అజాగ్రత్త అని రాసుకున్నాడు. నాకు ఒక మెమో, మందమర్రి వైపు ఒక బదిలీ. అప్పుడు నేను నోరు విప్పి, ఆ గురువారం అతను నా గదిలో ఉన్నాడని చెబితే మా బాపు మరుసటి ఆదివారం నుంచి సంఘంలో తలెత్తి పాట పాడలేడు. ఆ లెక్క ఆ గదిలోనే వేశాను. బయటికి వచ్చాక అతను సైకిల్ స్టాండు దగ్గర ఎదురుచూస్తున్నాడు.

“మెమోతోని పోతది, ఫికర్ చెయ్యకు. నా కొలువు పోతే బాపు ముంగట ఏ మొఖం పెట్టుకొని నీ ముచ్చట తీస్త? మనకోసమే చేసిన.”

మనకోసమే అన్న మాటను నలభై రోజులు నమ్మాను. మందమర్రికి మూడు ఉత్తరాలు వచ్చాయి. నాలుగోది పెళ్లిపత్రిక. మూలలకు పసుపు, నా చిరునామా అతని ఎడమచేతి రాతలో, కింద ‘సకుటుంబంగా’ అని అచ్చు. నాకు అప్పటికి కుటుంబం లేదు. తర్వాత రెండేళ్లకు గనిలో ఎలక్ట్రీషియనుగా పనిచేసే మా సంఘం మనిషిని చేసుకున్నాను. మంచివాడు. మంచివాడని రాసుకోవడానికి నాకెప్పుడూ ఆలోచించవలసిన అవసరం రాలేదు. అందుకే బహుశా ఆయన పక్కన ఎన్నడూ చుక్క పెట్టలేదు. ఇరవై ఆరేళ్లలో అతన్ని మళ్లీ చూడలేదు. కానీ ఎవరైనా అతని గూడేల తిరుగుడును మెచ్చుకుంటే, ఆ పూట అన్నం తినేదాన్ని కాదు. మోసం చేసినవాడు, నా మీద తప్పు నెట్టినవాడు, పిల్ల చావుకు కారకుడు. నా లెక్కలో మూడూ అతని పేరు కిందే ఉన్నాయి.

పద్నాలుగో రోజు, కర్మలన్నీ ముగిశాక, నిర్మల్‌లో బస్సు మారి బోథ్ వెళ్లాను. ఎందుకు వెళ్లానో ఆ తేదీన రాసుకోలేదు. ఇల్లు అడిగితే చూపారు. ముందుగదిలో సగం దాకా పత్తి కుప్ప. గోడకు దండ వేసిన ఫోటో. జుట్టు పలచబడింది, నవ్వు మాత్రం ఎదుటివాడు నవ్వకముందే వచ్చినట్టుంది. అతని భార్య నాకంటే నాలుగైదేళ్లు చిన్న. చాయ్ తెచ్చి ఎదురుగా కూర్చుంది. నా ఊరు, కొలువు చెప్పాను.

“కరీంనగర్ నుంచా అక్కా? మీరు గా ల్యాబు మేడం గదా?”

“ఎట్ల తెలుసు?”

“ఆయన చెప్తుండె. గా పిల్ల సచ్చిపోయిన ముచ్చట.” గొంతు తగ్గించింది. “మీరు అప్పుడు కొత్త గద. కండ్లకు సక్కగ ఆనలేదంట. ‘ఆడపోరి, నేను గట్టిగ మాట్లాడితే ఆమె కొలువు పోతుండె, అందుకే సప్పుడు చెయ్యలే’ అనెటోడు. మిమ్మల్ని ఒక్కనాడు తప్పుపట్టలే.”

నా చేతిలో గ్లాసు వేడిగా ఉంది. కింద పెట్టాను.

“మీరు మనసుల పెట్టుకోకున్రి అక్కా,” అన్నది. నిజమైన జాలితో అన్నది. నకిలీ జాలిని నేను గుర్తుపడతాను. “ఇన్నేండ్లు గది మోసుకుంట తిరిగినట్టున్నరు, మొఖం చూస్తే ఎరుకైతున్నది. తప్పు చెయ్యనోళ్లెవ్వరు? చూపు తప్పింది, అంతే గద. గా పిల్ల అవ్వ మీకు చెప్పకపోతే నేను చెప్తున్న, పోనియ్యున్రి.”

అవునమ్మా అని లేచి రావచ్చు. ఆమె భర్త పోయి పద్నాలుగు రోజులే. అతను తిరిగి జవాబు చెప్పలేడు. ఈ రెండూ నాకు తెలుసు. న్యాయం కోసం చెప్పానని రాసుకోను. ఆ ఫోటోలోని నవ్వు చూసి కోపంతో చెప్పాను.

“నేను తప్పు చదువలే చెల్లె. గా ఇరవై రెండు స్లైడ్ల మీద ఉన్నది మీ ఆయన నెత్తురే. ఆయన గా దినం గూడెంకు పోలే.”

ఆమె నమ్మదనుకున్నాను. ఏడుస్తుందేమో, అరుస్తుందేమో అనుకున్నాను. ఆమె పత్తి కుప్ప వైపు చూసింది. ఆయనతో కాపురం చేసిన మనిషి. బరోబర్ అంటే ఏమిటో నాకంటే బాగా తెలిసి ఉంటుంది.

“మరి గా దినం యాడున్నడు?”

“నా రూముల. పొద్దుగాల పదింటి సంది నాలుగున్నర దాంక.”

తల ఊపింది. అక్కడితో అయిపోయిందనుకున్నాను. ఇరవై ఆరేళ్ల తర్వాత నా చూపు మీద పడ్డ మచ్చ పోయింది, ఇక లేవవచ్చు అనుకున్నాను. ఆమె ఇంకా ఆలోచిస్తోంది. మా ఇద్దరి సంగతి గురించి కాదని ఆమె నోరు తెరిచాక తెలిసింది.

“అయితే అవి ఆయన నెత్తురని నీకెప్పుడు ఎరుకైంది?” అక్కా అనలేదు. మీరు అనలేదు.

“తెల్లారే. శుక్రవారం.”

“గా పిల్ల అప్పటికి బతికే ఉన్నది.”

“ఉన్నది.”

“ఎన్ని దినాలు?”

“పదకొండు,” అన్నాను.

తడుముకోకుండా చెప్పాను. నా దగ్గర ఎప్పుడూ సిద్ధంగా ఉండే అంకె అది. కానీ ఇన్నేళ్లూ దాన్ని అతని పేరు కిందే వేశాను. వెళ్లకుండా ఉన్నవి అతని పదకొండు రోజులు. తెలిసి ఊరుకున్న పదకొండు రోజులు ఎవరివని నన్ను ఎవరూ అడగలేదు, నేనూ అడగలేదు. అతను చెప్పిన అబద్ధంలో నేను చూపు ఆనని పిల్లను. ఒక ఆడమనిషి జాలిపడి పోనియ్యమని చెప్పదగినదాన్ని. ఆ అబద్ధాన్ని నా చేతులతోనే చెరిపేశాను.

ఆమె లేచి నా ముందు ఉన్న గ్లాసు తీసుకుంది. సగం చాయ్ అలాగే ఉంది. వాకిట్లో పారబోసింది.

“నేనొక్క మాట అన్న గద ఇందాక, పోనియ్యున్రి అని,” అన్నది గడప దగ్గర నిలబడి. “గది భూములున్న మోతేబరోల్ల మాట. అనాల్సింది గా పిల్ల అవ్వ. ఆమె దగ్గరికి పో.”